మైకు పట్టిన పైలట్

స్వర్ణోత్సవ సంచికకు ఏదైనా రాయమని సంఘం మిత్రులు అడిగినప్పుడు, ఇంజనీరు గదా, ఏ వంతెన గురించో, ఏ సౌర విద్యుత్తు గురించో రాస్తాననుకున్నట్టున్నారు. నేనొక ఇంగ్లీషాయన గురించి రాస్తున్నాను. ఆయనకూ మదనపల్లెకూ ఏ సంబంధమూ లేదు. టీవీలో ఫుట్‌బాల్ ఆటలకు వ్యాఖ్యానం చెప్పడం ఆయన వృత్తి. పేరు కెన్నెత్ వుల్‌స్టన్‌హోమ్. ఆయనే ఎందుకని మీరు అడుగుతారు. దానికి ముందు నా తప్పొకటి చెప్పుకోవాలి. ఆ రోజు గ్రౌండులో ఉన్నవాళ్లకు అది గుర్తుండే ఉంటుంది.

1985 డిసెంబరు. మన గ్రౌండులోనే స్కూళ్ల మధ్య ఫుట్‌బాల్ పోటీలు. పుంగనూరు జట్టు ముందురోజే ఓడిపోయినా, ఫైనల్ చూడ్డానికి పిల్లలందరూ మళ్లీ వచ్చారు. ఫైనల్ మనకూ కుప్పం పిల్లలకూ. కుప్పం వాళ్లు మనకన్నా బాగా ఆడేవాళ్లు. కోలారు గనులు దగ్గర, అక్కడ దొరల కాలం నుంచీ ఈ ఆట ఉంది, ఆ గాలి వాళ్లకు తగిలింది. మైకులో మాట్లాడవలసిన తెలుగు సారుకు ఆరోజు గొంతు పోయింది. రేడియో క్రికెట్ వ్యాఖ్యాతలను అనుకరిస్తాడని నాకు పేరుండేది. డ్రిల్లు సారు పిలిచి మైకు నా చేతికిచ్చారు.

ఇక నోటికి మూత పడితే ఒట్టు. బంతి ఎక్కడుందో, ఎవరు తన్నారో, ఎవరి నిక్కరు చిరిగిందో, అన్నీ చెప్పాను. ఆట అయిపోవస్తుండగా మనవాడు కొట్టిన నెమ్మదైన బంతి కుప్పం గోల్‌కీపరు కాళ్ల మధ్య నుంచి జారి లోపలికి పోయింది. చిన్న పిల్లాడు, తొమ్మిదో తరగతి కూడా ఉండదేమో. నేను వెంటనే, పుంగనూరు ఆవును వదిలినా ఈ కాళ్ల సందులోంచి దర్జాగా దూరిపోతుందని మైకులో అన్నాను. గ్రౌండంతా గొల్లుమంది. పుంగనూరు పిల్లలైతే పడి పడి నవ్వారు. ఆ అబ్బాయి గోలు స్తంభం పక్కన మోకాళ్ల మీద కూలబడి తల పట్టుకున్నాడు. పలమనేరు, పుంగనూరు మీదుగా బస్సులో జట్టుతో వచ్చిన వాళ్ల నాయన తాడు అవతలే నిలబడి ఉన్నాడు. ఆయన నన్ను చూశాడు.

డ్రిల్లు సారు వచ్చి ఒక్క మాటా అనకుండా మైకు తీసేసుకున్నారు. సాయంత్రం వలలు చుడుతున్నప్పుడు మాత్రం, చూసేవాళ్లకు కళ్లున్నాయని, వాళ్లకు కనపడేది నువ్వు చెప్పక్కర్లేదని, కనపడనిది ఏదైనా తెలిస్తే చెప్పమని, లేకపోతే ఊరుకోమని అన్నారు. ఆ తర్వాత నేను మైకు ముట్టుకోలేదు.

ఆరునెలలకు, 1986 జూన్‌లో, మెక్సికో ప్రపంచ కప్పు ఆటల్ని దూరదర్శన్ చూపించింది. టీవీ ఉన్న ఒక మిత్రుడి ఇంట్లో అర్ధరాత్రి పాతికమందిమి చేరి అర్జెంటీనా, పశ్చిమ జర్మనీ ఫైనల్ చూశాం. మధ్యలో కాసేపు శబ్దం పోయింది. బొమ్మ మాత్రం ఉంది. ఆ కాసేపూ ఆట చూడ్డానికి మాకే లోటూ రాలేదు. సారు మాట నాకు అప్పుడు సగం అర్థమైంది.

మిగతా సగం అర్థం కావడానికి పదేళ్లు పట్టింది. 1996లో కంపెనీ పని మీద మాంచెస్టరు దగ్గర కొన్నాళ్లున్నాను. ఆ ఎండాకాలం ఇంగ్లండులో యూరో ఫుట్‌బాల్ పోటీలు. ఏ చానల్ పెట్టినా ముప్పై ఏళ్ల కిందటి ఒకటే నలుపు తెలుపు ముక్క వేస్తున్నారు. ఒకడు బంతితో పరిగెత్తుతుంటాడు, వెనకనుంచి ఒక గొంతు నాలుగు మాటలంటుంది, బంతి వలలో పడుతుంది, అదే గొంతు ఇంకో నాలుగు మాటలంటుంది. అంతే. దేశమంతా ఆ మాటల్ని మనం వేమన పద్యం అప్పజెప్పినట్టు అప్పజెబుతుంది. మా సైటులో పెద్దవయసు ఫోర్‌మన్ ఒకాయన ఉండేవాడు, బోల్టన్ వాస్తవ్యుడు. ఆ గొంతు ఎవరిదని అడిగితే, మా పక్క ఊరి బడిలో చదివినవాడేనని, యుద్ధంలో విమానం నడిపాడని గర్వంగా చెప్పాడు. పాత పిల్లల సంఘాల్లో మనం మాట్లాడుకునే ధోరణి అది. అప్పటినుంచీ ఆ మనిషి గురించి ఎక్కడ ఏది దొరికినా చదువుతూ వచ్చాను.

వుల్‌స్టన్‌హోమ్ 1920 జులై 17న లాంకషైర్‌లోని వర్స్‌లీలో పుట్టాడు. బొగ్గు గనులు, నూలు మిల్లుల ప్రాంతం. చదివింది ఫార్న్‌వర్త్ గ్రామర్ స్కూలులో. ఆ బడిని గుర్తుపెట్టుకోండి, మళ్లీ వస్తుంది. బడి వదిలాక మాంచెస్టరులో పత్రికా విలేఖరిగా చేరాడు. ఆ పని కుదురుకునేలోగా రెండో ప్రపంచ యుద్ధం వచ్చి పడింది.

ఆయన వైమానిక దళంలో చేరి బాంబర్ పైలట్ అయ్యాడు. మొదట 107వ స్క్వాడ్రన్‌లో బ్లెన్‌హైమ్ విమానాలు. ఇవి పట్టపగలు, అలల మీద రాసుకుంటూ పోయినంత కిందుగా ఎగిరి శత్రువుల ఓడల మీద దాడి చేసేవి. వెళ్లినవాటిలో చాలా తిరిగొచ్చేవి కావు. తర్వాత 105వ స్క్వాడ్రన్‌లో మస్కిటో విమానాలు. చెక్కతో చేసిన విమానమది, దోమ అనే పేరు దానికి తగినదే. ఈ దళం పని దారి చూపడం. వెనక వచ్చే పెద్ద బాంబర్లకు చీకట్లో గురి తెలిసేలా ముందుగా వెళ్లి రంగుల దీపాలు జారవిడిచి రావాలి.

ఇంజనీరుగా నాకిక్కడ కాసేపు ఆగాలనిపిస్తుంది. ఈ దళం వాడిన పద్ధతి పేరు ఓబో. ఇంగ్లండులో నేలమీద రెండు రేడియో స్టేషన్లు. ఒక స్టేషను నుంచి విమానం ఎంత దూరంలో ఉండాలో ముందే లెక్కగట్టి ఉంచుతారు. ఆ దూరం తప్పకుండా ఎగిరితే విమానం ఒక పెద్ద వృత్తంలో ముక్కలా వంపుగా పోతూ సరిగ్గా గురి మీదకు వస్తుంది. పైలట్ చెవిలో ఒక నాదం వినిపిస్తుంటుంది. దారి తప్పితే ఒక పక్కకు చుక్కలుగా, రెండో పక్కకు గీతలుగా తెగిపోతుంది. దారిలో ఉంటే తెగకుండా తంబూరా శ్రుతిలా సాగుతుంది. రెండో స్టేషను దూరం కొలిచి, వదలమని సంకేతమిస్తుంది. చుట్టూ కాల్పులు, కింద మంటలు. ఆ నిమిషాల్లో పైలట్ చేయవలసిందల్లా చెవిలోని శ్రుతి తెగకుండా చూసుకోవడం, చేయి వణక్కుండా చూసుకోవడం.

అలాంటి దాడులకు ఆయన 100 సార్లు వెళ్లి తిరిగొచ్చాడు. బ్రిటిష్ బాంబర్ కమాండులో పనిచేసిన సుమారు లక్షా పాతిక వేలమంది విమాన సిబ్బందిలో 55 వేలకు పైగా చనిపోయారు. అంటే ఇంచుమించు ఇద్దరిలో ఒకరు. మనవాడు 100 సార్లు వెళ్లొచ్చాడంటే అందులో నేర్పెంతో అదృష్టమెంతో చెప్పడం కష్టం. డిస్టింగ్విష్డ్ ఫ్లయింగ్ క్రాస్ పతకం ఒకసారి కాదు, రెండుసార్లిచ్చారు. యుద్ధం ముగిసేటప్పటికి వయసు పాతికేళ్లు. ఆయన దారి చూపిన చోట పడిన బాంబుల కింద జర్మనుల ఇళ్లున్నాయని కూడా మనం మరిచిపోకూడదు. ఈ సంగతి తర్వాత కథకు కావాలి.

యుద్ధం నుంచి వచ్చాక మళ్లీ రాత పని, దాంతోబాటు బీబీసీ రేడియోలో చిన్న చిన్న అవకాశాలు. 1948లో టీవీ పిలిచింది. అప్పటికి టీవీ వ్యాఖ్యానం ఎలా చెప్పాలో తెలిసినవాళ్లు దాదాపు లేరు. రేడియోకైతే ఒక దారి పడింది. 1927 జనవరిలో ఆర్సెనల్, షెఫీల్డ్ యునైటెడ్ ఆటను బీబీసీ మొదటిసారి ప్రసారం చేసినప్పుడు, మైదానాన్ని గళ్లుగా విభజించి అంకెలు వేసిన పటాన్ని ముందే పత్రికలో అచ్చువేశారు. ఒకరు ఆట చెబుతుంటే ఇంకొకరు బంతి ఏ గడిలో ఉందో అంకె చెప్పేవారు. వినేవాళ్లు పటం ముందుపెట్టుకుని వేలితో బంతిని వెంబడించేవారు. రేడియోలో నోరే కన్ను. టీవీలో కన్ను ప్రేక్షకుడి దగ్గరే ఉంది. మరి నోటికి ఏం పని?

ఆ ప్రశ్నకు పాతికేళ్లపాటు వారం వారం జవాబు వెతికిన మనిషి వుల్‌స్టన్‌హోమ్. ఆయన పద్ధతి వింటే తెలుస్తుంది. ఆటగాడి దగ్గరకు బంతి రాగానే పేరు. చాలాసార్లు అంతే, ఒక్క పేరు. తర్వాత మౌనం. జనం హోరు వినిపించనిస్తాడు. బంతి గోలు వైపు వెళ్తున్నప్పుడు గొంతు ఒక మెట్టు పెరుగుతుంది, అరుపుగా మారదు. నాకైతే చెవిలో నాదం పెట్టుకుని తిన్నగా ఎగిరిన మనిషి గొంతు అని తెలిశాకే ఆ నిదానం ఎక్కడిదో అర్థమైంది. ఇది నా ఊహ మాత్రమే, ఎవరూ రాయలేదు.

1949 నుంచి 1971 దాకా ఇంగ్లండు ఎఫ్ఏ కప్పు ఫైనళ్లకు టీవీలో వినపడిన గొంతు ప్రధానంగా ఆయనదే. 1953 ఫైనల్‌లో ఆయన బడి పక్క ఊరు బోల్టన్ 3-1 ఆధిక్యంలో ఉండి, చివరకు 4-3తో బ్లాక్‌పూల్ చేతిలో ఓడిపోయింది. 38 ఏళ్ల స్టాన్లీ మాథ్యూస్ కుడి అంచు మీద చేసిన మాయ అది. సొంతవాళ్లు మునుగుతుంటే గొంతు మార్చకుండా ఎదుటివాడి ఆటను మెచ్చుకుంటూ చెప్పడం ఎంత కష్టమో, కుప్పం ఆటనాటి నన్ను తలచుకుంటే తెలుస్తుంది. 1960లో గ్లాస్గోలో రియల్ మాడ్రిడ్ 7-3తో ఐన్‌ట్రాక్ట్ ఫ్రాంక్‌ఫర్ట్‌ను ఓడించిన యూరోపియన్ కప్పు ఫైనల్‌కూ ఆయనే. లక్షా ఇరవై వేలకు పైగా జనం మైదానంలోనే ఉన్నారు.

1964 ఆగస్టు 22న బీబీసీ రెండో చానల్‌లో మ్యాచ్ ఆఫ్ ది డే అనే కార్యక్రమం మొదలైంది. లివర్‌పూల్ 3, ఆర్సెనల్ 2. ఆ చానల్ అప్పటికి లండన్ చుట్టుపక్కలే అందేది, కొత్తరకం సెట్టు, కొత్త యాంటెన్నా కావాలి. ఆ రాత్రి చూసినవాళ్లు సుమారు 20 వేలమంది అని అంచనా. లివర్‌పూల్ మైదానంలో స్వయంగా కూర్చున్నవాళ్లు దానికి రెట్టింపు పైనే. ఆ కార్యక్రమం ఇప్పటికీ నడుస్తోంది. దాని మొదటి గొంతు ఈయనది.

ఇక 1966 జులై 30. వెంబ్లీ. ప్రపంచ కప్పు ఫైనల్, ఇంగ్లండు, పశ్చిమ జర్మనీ. బ్రిటన్‌లోనే మూడు కోట్లకు పైగా జనం టీవీల ముందున్నారు. మైకు దగ్గర 46 ఏళ్ల మాజీ బాంబర్ పైలట్, ఎదురుగా జర్మన్ జట్టు. యుద్ధం ముగిసి 21 ఏళ్లే. నేనా వ్యాఖ్యానం చాలాసార్లు విన్నాను. నేను విన్నంతలో పాత పగ ఒక్క మాటలోనూ తొంగిచూడదు. జర్మన్ ఆటగాళ్ల పేర్లను కూడా అంతే మర్యాదగా పలికాడు.

జర్మనీ ముందు గోలు కొట్టింది. హర్స్ట్ సమం చేశాడు. 78వ నిమిషంలో పీటర్స్ గోలుతో ఇంగ్లండు గెలిచేసిందనుకున్నారు. 89వ నిమిషంలో వెబర్ సమం చేశాడు. అదనపు సమయంలో ఒక కుర్రాడు కుడిపక్క నుంచి బంతి అందించాడు, హర్స్ట్ కొట్టాడు, బంతి పై కమ్మీకి తగిలి గీత దగ్గర పడి బయటకొచ్చింది. లోపల పడిందా, గీత మీద పడిందా? ఆ కొన్ని క్షణాలు వ్యాఖ్యాత కూడా అందరిలాగే ఊగిసలాడాడు. స్విస్ రిఫరీ వెళ్లి సోవియట్ లైన్స్‌మన్ బఖ్రమోవ్‌ను అడిగి గోలు ఇచ్చాకే ఖాయం చేశాడు. ఆ గోలు మీద వాదన నేటికీ తెగలేదు.

బంతి అందించిన ఆ కుర్రాడు అలన్ బాల్. 21 ఏళ్లు, ఆ రోజు ఆడిన ఇంగ్లండు జట్టులో అందరికన్నా చిన్న. అతను చదివింది కూడా ఫార్న్‌వర్త్ గ్రామర్ స్కూలే! ఒక చిన్న ఊరి బడి పాత విద్యార్థుల్లో ఒకడు ప్రపంచ కప్పు ఫైనల్ ఆడుతున్నాడు, ఒకడు దాన్ని లోకానికి చెబుతున్నాడు. ఆటల కోసం బడి ఎగ్గొడుతున్నాడని బాల్‌కు హెడ్‌మాస్టరుతో పేచీ ఉండేదట. అలాంటి పిల్లలు మన రిజిస్టర్లలోనూ కొందరున్నారు, పేర్లు రాయను.

చివరి నిమిషం. మూర్ దూరంగా బంతి వేశాడు. హర్స్ట్ ఒంటరిగా పరిగెత్తుతున్నాడు. రిఫరీ ఈల వేశాడనుకుని కొందరు ప్రేక్షకులు మైదానంలోకి దిగేశారు. వుల్‌స్టన్‌హోమ్ కన్ను అటు పడింది. టీవీ చూసేవాళ్ల కన్ను హర్స్ట్ మీద ఉంది, వాళ్లకు అది సరిగా కనపడదు. అందుకే చెప్పాడు, జనం దిగారని, ఆట ముగిసిందని అనుకుంటున్నారని. ఆ మాట పూర్తవుతుండగానే బంతి వలలో పడింది. ఇప్పుడు మాత్రం నిజంగానే ముగిసిందని తేల్చాడు. ముందు రాసుకున్నది కాదు, అలంకారం లేదు, అన్నీ ఒంటిపూట బడి పిల్లాడికి తెలిసిన మాటలే. అదే సమయంలో ఇంకో చానల్‌లో హ్యూ జాన్స్ అనే వ్యాఖ్యాత అదే గోలును చక్కగానే చెప్పాడు. ఆయన ఏమన్నాడో ఇవాళ ఇంగ్లండులో అడగండి, చెప్పేవాళ్లు అరుదు.

మన సంగతి కూడా ఒకటి చెప్పాలి. అంతకు పదేళ్ల ముందే, 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో భారత జట్టు ఆస్ట్రేలియాను 4-2తో ఓడించి సెమీఫైనల్ దాకా వెళ్లి నాలుగో స్థానంలో నిలిచింది. 1962 జకార్తా ఆసియా క్రీడల్లో స్వర్ణం గెలిచింది. ఆ జట్లను తీర్చిదిద్దిన సయ్యద్ అబ్దుల్ రహీం హైదరాబాదులో బడిపంతులు. ఆ ఆటల్లోని ఒక్క గోలును కూడా మన తరం గొంతుతో సహా గుర్తుపెట్టుకోలేదు. పుస్తకాల్లో అంకెలుగా చదువుకున్నాం, అంతే.

1966 తర్వాత ఆయనకు ఇంకో అయిదేళ్లు అగ్రస్థానం దక్కింది. 1970లో మెక్సికోలో బ్రెజిల్ 4-1తో ఇటలీని ఓడించిన ఫైనల్‌కు కూడా ఆయనే. కానీ బీబీసీలో డేవిడ్ కోల్‌మన్ ఎదుగుతున్నాడు. కొత్త గొంతు, ఉద్వేగం ఎక్కువ, కాలానికి తగినవాడు. మొదటి పీట ఆయనకే అని తేలిపోయింది. రెండో పీట మీద కూర్చోవడం వుల్‌స్టన్‌హోమ్‌కు ఇష్టం లేదు. 1971లో, 50 ఏళ్ల వయసులో, వెంబ్లీలో అయాక్స్, పనథినాయికోస్ యూరోపియన్ కప్పు ఫైనల్ చెప్పి బయటికొచ్చేశాడు. ఆ తర్వాత ఈశాన్య ఇంగ్లండులో టైన్ టీస్ అనే ప్రాంతీయ చానల్‌లో పనిచేశాడు. పెద్ద హైస్కూలు హెడ్‌మాస్టరును మారుమూల బడికి వేసినట్టుంటుంది మనకు. ఆయన మాత్రం ఆటలు చెబుతూనే పోయాడు. డెబ్బై దాటాక కూడా చానల్ ఫోర్‌లో ఇటలీ లీగు ఆటలకు గొంతిచ్చాడు.

నన్ను అన్నిటికన్నా కదిలించేది చివరి అధ్యాయం. 1995లో బీబీసీ ఒక హాస్య క్విజ్ కార్యక్రమం మొదలుపెట్టి దానికి ఆయన 1966 మాటలనే పేరుగా పెట్టింది. ఆయనకది నచ్చలేదు, నచ్చలేదని దాచుకోనూ లేదు. వందసార్లు చావు అంచుదాకా వెళ్లొచ్చాడు, కొన్ని వందల ఆటలు చెప్పాడు, ఒక కొత్త పనికి పద్ధతి ఏర్పరిచాడు. లోకం దగ్గర మిగిలింది ఒక వాక్యం. అదికూడా ఇతరులు నవ్వులాటకు వాడుకుంటున్నారు. కొందరు ఆయనది ముసలితనపు చిరాకు అని రాశారు. నేను ఒప్పుకోను. అయితే ఆయన కూడా తన ఆత్మకథకు పేరు ఆ వాక్యంలోంచే తీసుకున్నాడు! ఇంటిపేరులా అంటుకున్నదాన్ని ఎవరు మాత్రం వదిలించుకోగలరు? 2002 మార్చి 25న టార్కీలో 81వ ఏట చనిపోయాడు. మర్నాటి పత్రికల్లో శీర్షిక ఏ మాటలతో పెట్టి ఉంటారో చెప్పనక్కర్లేదు.

నాది కూడా ఒక వాక్యమే. మనవాళ్లు కొందరు ఇప్పటికీ ఎక్కడ కలిసినా పుంగనూరు ఆవు అని పిలుస్తారు. ప్రేమతోనే లెండి. మన డ్రిల్లు సారు ఇప్పుడు లేరు.

ఈ స్వర్ణోత్సవాల్లో పాత విద్యార్థుల ఫుట్‌బాల్ ఆట పెట్టారు. కుప్పం నుంచి, పుంగనూరు నుంచి కూడా పాత జట్లవాళ్లు వస్తున్నారు, అందరివీ పొట్టలే. మైకు నాకే ఇస్తామని సంఘం అధ్యక్షుడు పట్టుబట్టాడు. ఒక షరతు మీద ఒప్పుకున్నాను. ఆడేవాళ్లందరి పేర్లూ వారం ముందే నాకు పంపాలి, ఎలా పలకాలో కూడా రాసి. దాంతోబాటు 1985 కుప్పం జట్టు గోల్‌కీపరు పేరు కనుక్కోమని అక్కడి మిత్రులను అడిగాను. నలభై ఏళ్లుగా నాకు అతని పేరు తెలియదు. ఇప్పటికి రెండు పేర్లు వచ్చాయి. ఇద్దరికీ ఫోను చేశాను. ఆ రోజు గోలులో నిలబడింది తాను కాదని ఇద్దరూ చెప్పారు.